పల్లవి నుంచి

“పాడుతున్నారు కదా అని ఆశ పెట్టుకోకండి. అది పాత టేపు తిరగడం లాంటిది. అందులో ఆవిడ లేరు.”

నా మంచం పక్కన నిలబడి డాక్టరు గారు మా ఆయనతో అన్న మాట ఇది. నాకు వినిపించింది. ప్రతి ముక్కా వినిపించింది. పదిహేను నెలలు దాటాయి, భయం చాలావరకు పోయింది. ఆ మాట మాత్రం పోలేదు. అందుకే ఇది రాస్తున్నాను.

నాకు వచ్చింది పక్షవాతం. పొద్దున్నే తల దువ్వుకుంటుంటే దువ్వెన చేతిలోంచి జారిపోయింది. అద్దంలో చూస్తే కుడివైపు పెదవి కిందికి వాలి ఉంది. అక్కని పిలవబోతే నోట్లోంచి ఏదో శబ్దం వచ్చింది, మాట కాదు. అక్క చేసిన మొదటి పని గడియారం చూసి టైము రాసుకోవడం. మెదడులో రక్తపు గడ్డని కరిగించే ఇంజెక్షన్ మామూలుగా నాలుగున్నర గంటల్లోపు పడాలి. మేం రెండు గంటల్లోపు ఆసుపత్రికి చేరాం. స్కాన్ చూసి, ఒక్క నిమిషం వృథా చేయకుండా ఆ ఇంజెక్షన్ ఇచ్చింది కూడా ఆ డాక్టరు గారే. ఈ రోజు నా కుడి చెయ్యి పనిచేస్తోందంటే ఆయన చలవే. ఈ సంగతి ముందే చెప్పకపోతే నేను రాసేది అన్యాయం అవుతుంది.

చెయ్యి మెల్లగా తిరిగొచ్చింది, మాట రాలేదు. మెదడు ఎడమవైపు ముందుభాగంలో మాటను కూర్చే చోటు ఒకటుంది. ‘టాన్’ అనే శబ్దం తప్ప దాదాపు ఏమీ పలకలేని ఒక రోగి చనిపోయాక, అతని మెదడును పరిశీలించి 1861లో పాల్ బ్రోకా అనే ఫ్రెంచి వైద్యుడు చూపించిన చోటు అది. నాకు దెబ్బ తగిలింది అక్కడే. ఎదుటివాళ్ళు చెప్పేది అర్థమయ్యేది. జవాబు మాత్రం నాలుక దాకా వచ్చేది కాదు. దీన్ని అఫేసియా అంటారు.

ఇక మూడో రాత్రి. నేను ఇరవై ఏళ్ళకి పైగా నాటకాలు వేశాను. నటులకి తరచూ వచ్చే పీడకల ఒకటుంది. తెర లేచింది, ఏ నాటకమో తెలియదు, ఒక్క డైలాగూ గుర్తులేదు. ఆ రాత్రి ఐసీయూలో మెలకువ వచ్చేసరికి మంచం చుట్టూ తెరలు లాగి ఉన్నాయి, లైట్లు తగ్గించి ఉన్నాయి, అవతల ఎవరో గుసగుసగా మాట్లాడుకుంటున్నారు. నేను స్టేజి పక్కన నిలబడి ఉన్నాననీ, ఇంకాసేపట్లో నా ప్రవేశం అనీ అనుకున్నాను. నాది ఏ పాత్రో గుర్తు చేసుకోబోయాను. పాత్ర పేరు రాలేదు. నా పేరూ రాలేదు. పైకి అనడం కాదు, మనసులోనే రాలేదు. మనం రోజంతా లోలోపల మనతో మనం మాట్లాడుకుంటూనే ఉంటామని అంతవరకు నేను గమనించలేదు. ఆ గొంతు ఆగిపోయింది. ఆలోచన ఉంది, దాని ఒంటి మీద బట్ట లేదు. భయం ఉంది, ‘భయం’ అనే మాట లేదు. అంత ఒంటరితనం నేను ముందూ ఎరగను, తర్వాతా ఎరగను.

అప్పుడు మానిటర్ చప్పుడు వినిపించింది. నాది ఒక లయలో, పక్క మంచానిది ఇంకో లయలో. వింటూ ఉంటే రెండూ అప్పుడప్పుడు ఒకేసారి పడేవి. అవి కలిసే చోటు కోసం ఎదురుచూడటం మొదలుపెట్టాను. తాళం కోసం ఎదురుచూడాలంటే పోయిన దెబ్బ గుర్తుండాలి, రాబోయే దెబ్బని ఊహించాలి. ఒక్క మాటా లేకుండా నేను ఆ రెండూ చేస్తున్నాను. ఎడమ చేతి వేళ్ళు దుప్పటి మీద దరువు వేశాయి. దరువు వెనకే రాగం, రాగం వెనకే మా నాటకంలో నేను పాడే పాట పల్లవి. మాటలతో సహా, పైకి, నా గొంతుతో.

నర్సు పరిగెత్తుకొచ్చింది. నన్ను ఆపలేదు. “పాడండమ్మా, వింటున్నాను” అని నా కాళ్ళ దగ్గర నిలబడింది. ఆ అమ్మాయి చల్లగా ఉండాలి.

పొద్దున మా ఆయన ఈ సంగతి సంతోషంగా చెబితే డాక్టరు గారు అన్నదే ఆ టేపు మాట.

ఆయన చెప్పింది పూర్తిగా తప్పని అనను. బాగా అలవాటైన పాట, అంకెలు లెక్కపెట్టినట్టు, దానంతట అదే దొర్లుకుంటూ రాగలదు. 1745లోనే స్వీడన్‌లో ఒలోఫ్ దాలిన్ అనే ఆయన ఇలాంటి మనిషి గురించి రాశాడు. ఆ మనిషి ‘అవును’ తప్ప ఇంకేమీ పలకలేడు, కానీ జబ్బు రాకముందు నేర్చుకున్న భక్తిగీతాలు స్పష్టంగా పాడేవాడు. పాట వచ్చింది కాబట్టి మాట వచ్చినట్టే అనుకోకూడదు, నిజమే. కానీ ‘ఆవిడ లేరు’ అని ఎలా అంటారు? స్టేజి మీద ఏడుస్తున్న నటి లోపల ఇంకో మనిషి ఉంటుంది. వెలుగు తన మొహం మీద పడుతోందా, శ్రుతి తప్పిందా అని ఆ మనిషి చూసుకుంటూనే ఉంటుంది. స్పృహని రంగస్థలంతో పోల్చి, వెలుగు పడిన చోటే మనకు ఎరుక కలుగుతుందని బెర్నార్డ్ బార్స్ అనే శాస్త్రవేత్త 1988లో ఒక సిద్ధాంతం చెప్పాడు. నా స్టేజి మీద వెలుగు ఉంది, చూసే మనిషీ ఉంది. మాట ఒక్కటే ఇంకా లోపలికి రాలేదు.

మర్నాడు గదికి మార్చారు. ఆ రాత్రి నేను పడుకున్నాననుకుని అక్క లైటు స్విచ్ మీద చెయ్యి వేసింది. మా పాటలో రెండో చరణం చివర ఒక లైను ఉంది: ‘దీపం ఆర్పొద్దు, నేనింకా ఇక్కడే ఉన్నాను.’ నాకు ఆ ఒక్క లైనే కావాలి. నేరుగా అందామని చూశాను, రాలేదు. దాని దగ్గరికి వెళ్ళాలంటే దారి ఒక్కటే, పల్లవి నుంచి మొదలుపెట్టడం. మొదలుపెట్టాను. వాళ్ళు ‘మళ్ళీ పాడుతోంది’ అన్నట్టు జాలిగా చూశారు. మొదటి చరణంలో ఒక మాట తప్పింది. ఆగాను. మళ్ళీ పల్లవికి వెళ్ళాను. టేపు తన తప్పు తాను దిద్దుకోదు. చెమటలు పట్టాయి. చివరికి ఆ లైను వచ్చింది. వెంటనే ఆపేసి, ఎడమ చెయ్యి ఎత్తి స్విచ్ వైపు చూపించాను.

మా ఆయన కుర్చీలో కూలబడి ఏడ్చారు. అక్క చెయ్యి స్విచ్ మీదే ఉండిపోయింది. ఆ రాత్రి లైటు ఆర్పలేదు.

తర్వాతిదంతా నెలల తరబడి సాధన. స్పీచ్ థెరపిస్టు నాకు రెండే స్వరాలు ఇచ్చారు, ఒకటి కింద, ఒకటి పైన. ‘నీళ్ళు కావాలి’ అన్న మాటని ఆ రెండు స్వరాల మీద పాడాలి, ఒక్కో అక్షరానికి ఎడమ చేత్తో దెబ్బ వేయాలి. రానురాను రాగం తగ్గించి మాట మిగల్చాలి. 1973లో వైద్యులు బయటపెట్టిన పద్ధతి ఇది. పాట కుడి మెదడులో ఉంటుంది కాబట్టి పనిచేస్తుందని తేలిగ్గా చెప్పేస్తుంటారు, కానీ లయకీ, నోటికి అలవాటైన మాటలకీ పెద్ద పాత్ర ఉందని తర్వాతి పరిశోధనలు చెబుతున్నాయి. నా వేళ్ళకి ఆ సంగతి ముందే తెలుసు.

ప్రాణం పోతున్న మనిషి పాడటమేమిటని ఒపేరాని, అంటే మాటలు పాటగా నడిచే పాశ్చాత్య నాటకాన్ని, ఎగతాళి చేసేవాళ్ళ మీద ఇప్పుడు నాకు కోపం వస్తుంది. ఇటలీ సంగీతకర్త వెర్డీ 1853లో ప్రదర్శించిన ‘లా ట్రావియాటా’ చివరి అంకంలో, క్షయతో మంచాన పడిన వయోలెట్టా ఒక ఉత్తరం చదువుతుంది. పాడదు, మామూలు గొంతుతో చదువుతుంది. ఆ మాటల కింద వయొలిన్ మీద పాత ప్రేమ రాగం నడుస్తుంటుంది. ఆ కాసేపు ఆమెకి పాట పోయి మాట మిగిలింది, నాకు మాట పోయి పాట మిగిలింది. ఆ రాగం ఆమె లోపలే ఉందని వినేవాళ్ళందరికీ తెలుస్తుంది. ఒక పాత్ర విషయంలో తెలిసేది, మంచం మీదున్న మనిషి విషయంలో ఎందుకు తెలియదు?

మీ ఇంట్లో ఎవరికైనా మొహం వాలినా, చెయ్యి పడిపోయినా, మాట తడబడినా ముందు టైము చూడండి, వెంటనే ఆసుపత్రికి తీసుకెళ్ళండి. మాట పోయిన మనిషి ముందు, ఆ మనిషి అక్కడ లేనట్టు మాట్లాడొద్దు. తెలిసిన పాట పాడి, ఒక లైను మధ్యలో వదిలేసి ఓపిగ్గా ఆగండి. నాదమే బ్రహ్మం అని పెద్దలంటే అలంకారంగా అన్నారనుకునేదాన్ని. ఆ మూడో రాత్రి నన్ను పట్టుకున్న చెయ్యి ఎవరిదని అడిగితే నా దగ్గర వేరే జవాబు లేదు.

ఏడో నెలలో చెకప్‌కి వెళ్ళినప్పుడు డాక్టరు గారితో, “ఆ రోజు మీరన్నది విన్నాను” అన్నాను. ఆ నాలుగు మాటల కోసం వారం రోజులు సాధన చేశాను. ఆయన కలం ఆగింది. “సారీ అమ్మా” అన్నారు. కాసేపాగి, బీపీ మాత్రలు సరిగ్గా వేసుకుంటున్నారా అని అడిగారు. ఆ సారీ నాకు చాలిందో లేదో ఇంకా తేల్చుకోలేదు.

ఇప్పటికీ రాత్రిపూట లైటు ఆర్పే ముందు మా ఆయన స్విచ్ మీద చెయ్యి పెట్టి నావైపు చూస్తారు. ‘ఆర్పండి’ అంటాను. నేరుగానే వస్తుంది.