నువ్వాగు, నీకేం తెలుసు

బుధవారం. శ్రావణమాసం కదా, విజయవాడ బీసెంట్ రోడ్డులో కాలు పెట్టే సందు లేదు. పొద్దున్నంతా మబ్బు పట్టి, పదకొండింటికి ఉన్నట్టుండి చుర్రుమనే ఎండ.

పక్క సందులో స్టీలు సామాన్ల కొట్టు దగ్గర ఒక జంట. యాభైకి అటూ ఇటూగా ఉంటారు. నాలుగు సంచులూ ఆయన చేతుల్లోనే. ఆవిడకి చెరుకురసం ఇప్పించి, గ్లాసు ఖాళీ అయ్యేదాకా ఆవిడ మొహాన ఎండ పడకుండా అడ్డంగా నిలబడ్డాడు. వాళ్ళకి కావలసింది కుక్కర్ గ్యాస్కెట్. "అయిదు లీటర్లదండీ, మూతేమో..." అని ఆవిడ మొదలుపెట్టిందో లేదో, ఆయన "నువ్వాగు, నీకేం తెలుసు" అనేసి, "అయిదు లీటర్లది, మంచిది ఇవ్వండి" అన్నాడు. కొట్టతను ఆవిడ వైపు తిరిగి, "అమ్మా, మీ మూత లోపలికి దూర్చి పెట్టేదా, పైన తిప్పి బిగించేదా?" అని అడిగాడు. లీటర్లు ఒకటే అయినా ఆ రెంటికీ రబ్బరు వేరు. తప్పుది పట్టుకెళితే ఆవిరి పక్కలనుంచి పోతుంది, విజిల్ రాదు, పప్పు ఉడకదు. "లోపలికి దూర్చేది" అందావిడ. ఆయన అప్పటికే చేతిలో పట్టుకున్నది రెండో రకం.

ఆయనకి ఆవిడంటే ప్రేమ లేదని ఎవరనగలరు? సంచులు మోశాడు, నీడ పట్టాడు. రోజూ ఆ మూత పెట్టి తీసే మనిషిని మూత గురించి అడగాలని మాత్రం తోచలేదు. పెరటి చెట్టు వైద్యానికి పనికిరాదంటారు. చాలా ఇళ్ళల్లో ఆ చెట్టు భార్య. రిటైరయ్యాక కొన్ని ఇళ్ళల్లో భర్త. ఇంట్లో మనిషి చెబితే "సరేలే" అని, అదే మాట ఆఫీసులో పక్కసీటాయన చెబితే ఆచరణలో పెట్టడం చిన్న సంగతిగానే కనిపిస్తుంది. చెప్పిన మనిషికి మాత్రం ప్రతిసారీ లెక్కకి వస్తుంది. కొన్నాళ్ళకి చెప్పడం మానేస్తుంది. "మా ఇంట్లో గొడవల్లేవండీ" అని గొప్పగా చెప్పుకునే ఇళ్ళల్లో కొన్ని ఇలాంటివే.

కోపం వేరు, చులకన వేరు. కరెంటు బిల్లే తీసుకుందాం. "ఇంకా కట్టలేదా? రేపే ఆఖరు తేదీ!" ఇది కోపం, బిల్లు మీద. "నీకెప్పుడూ ఏదీ గుర్తుండదు." ఇక్కడికి బిల్లు పోయి మనిషి మీదకి వచ్చింది. "మీ ఇంట్లో ఎవరికి గుర్తుండి ఏడ్చింది గనక, నీకుండటానికి." ఇది చులకన. పై మెట్టు మీద నిలబడి కిందికి చూసి అన్న మాట. పుట్టింటి వాళ్ళని ఎత్తగానే బిల్లు ఇద్దరికీ గుర్తుండదు. అలుసు, లోకువ, వెటకారం, దెప్పిపొడుపు, ఎద్దేవా... దీనికి తెలుగులో ఎన్ని మాటలో!

జాన్ గాట్మన్ అనే మనస్తత్వ శాస్త్రవేత్త 1986లో సియాటిల్‌లోని వాషింగ్టన్ విశ్వవిద్యాలయంలో ఒక ప్రయోగశాల పెట్టి, దంపతులు వాదించుకుంటుంటే వీడియో తీసి, గుండె వేగం కొలిచి, ఏళ్ళ తరబడి వాళ్ళ సంసారాలు ఏమయ్యాయో చూశాడు. కాపురాన్ని తినేసే అలవాట్లు నాలుగన్నాడు: మనిషిని తప్పుపట్టడం, చులకన, ఏమన్నా "నాదేం తప్పు" అని ఎదురు తిరగడం, బిగుసుకుపోయి మాట్లాడకపోవడం. విడిపోతారని అన్నిటికన్నా గట్టిగా చెప్పే గుర్తు చులకనే అంటాడు.

"మీరు" అంటే గౌరవం, "నువ్వు" అంటే లోకువ అని పెద్దవాళ్ళ లెక్క. అదంత నమ్మదగ్గది కాదు. "మీకు బుద్ధుందా అండీ?" అన్నదాంట్లో మీరూ ఉంది, అండీ ఉంది. ఇద్దరూ నువ్వు అనుకునే కుర్ర జంట, "నువ్వేమంటావు?" అని అడిగి, జవాబు వినేదాకా ఆగితే గౌరవం అక్కడే ఎక్కువుంది. మర్యాద నలుగురి కోసం కూడా చేస్తాం, కాబట్టి దాన్ని చూసి మోసపోవచ్చు.

మాట ఎలా మొదలైందన్నదాని మీదే చాలా ఉంటుంది. 1999లో అచ్చయిన అధ్యయనంలో 124 కొత్త జంటలు పదిహేను నిమిషాలు ఒక గొడవ గురించి మాట్లాడుకుంటే, మొదటి మూడు నిమిషాల్ని బట్టే ఆరేళ్ళలో ఎవరు విడిపోతారో చాలావరకు తెలిసిపోయింది. అందుకని మొదటి వాక్యం ముందే కూర్చుకుని వెళ్ళడంలో తప్పు లేదు. దానికి మూడు ముక్కలు చాలు: ఏం జరిగింది, నాకేమనిపించింది, ఇప్పుడేం కావాలి. "మీ అన్నయ్యకి ఇరవై వేలు పంపినట్టు నాకు బ్యాంకు మెసేజ్‌లో తెలిసింది. నన్ను లెక్కలోకి తీసుకోలేదనిపించింది. ఇకమీదట అయిదు వేలు దాటితే పంపేముందు ఒక మాట చెప్పు." ఆ హద్దు ఎంతన్నది ఇంటి సంపాదనని బట్టి. అంకె అంటూ ఒకటి ఉండాలి, లేకపోతే "చిన్న మొత్తమే కదా" అన్న దగ్గర మళ్ళీ మొదటికొస్తుంది. చెడేదెక్కడంటే రెండో ముక్కలో. "నువ్వు నన్ను పనిమనిషిలా చూస్తున్నావనిపించింది" అంటే తన బాధ చెప్పినట్టు కాదు, అవతలి మనిషి మీద తీర్పు చెప్పినట్టు.

గుండె నిమిషానికి వంద దాటి కొట్టుకుంటున్నప్పుడు చెప్పింది చెవికెక్కదు. మణికట్టు మీద వేలు పెట్టి పదిహేను సెకన్లు లెక్కపెడితే సరి, పాతిక దాటితే ఆపేయాలి. ఒళ్ళు నెమ్మదించడానికి కనీసం ఇరవై నిమిషాలు పడుతుంది. మన ఇళ్ళల్లో ఈ పద్ధతి రెండు చోట్ల పాడవుతుంది. తలుపు ధడేలున వేసి వెళితే దాన్ని అలక అంటారు. "ఎనిమిదిన్నరకి మళ్ళీ మాట్లాడదాం" అని టైము చెప్పి వెళ్ళాలి, ఎనిమిదిన్నరకి రావాలి, పిలిపించుకోకూడదు. రెండోది ఫోను. ఆ ఇరవై నిమిషాల్లో అమ్మకి చెబితే, ఇద్దరి గొడవ రెండు కుటుంబాలదవుతుంది. ఆ ఇద్దరూ రాత్రికి కలిసిపోయినా, అత్తగారింట్లో ఆ మాట సంక్రాంతిదాకా నిలవుంటుంది.

వాదించుకునేటప్పుడు కూడా ఒక కటువు మాటకి అయిదు మంచివి పడుతున్న జంటలు నిలబడ్డాయని గాట్మన్ లెక్క. మంచివంటే పొగడ్తలు కావు. తల ఊపడం, "అది నిజమే" అనడం, మధ్యలో ఒక చిన్న నవ్వు, మంచినీళ్ళ గ్లాసు ఇటు జరపడం.

క్షమాపణ దగ్గర మనకి చేయి రాదు. "సరేలే, సారీ, ఇక వదిలెయ్" అన్నది క్షమాపణ కాదు, తొందర. చేసిందేమిటో పేరు పెట్టి చెప్పాలి, వెనకాల "కానీ" రాకూడదు. నలుగురిలో తీసిపారేస్తే, అదే నలుగురిలో సరిదిద్దాలి. వంటింట్లో గుసగుసగా చెబితే సగమే తీరుతుంది. పొద్దున ఆ కొట్టు దగ్గర పెద్ద ప్రసంగమేం అక్కర్లేదు. "ఆవిడకే తెలుసండీ, ఆవిడ చెప్పింది ఇవ్వండి" అంటే చాలు. ఆయన అలా అనలేదు. చేతిలో రబ్బరు కొట్టతనికిచ్చేసి, డబ్బులిచ్చి, సంచులెత్తుకున్నాడు.

ఈ చిట్కాలన్నీ ఇద్దరూ ఒకే నేల మీద నిలబడి మాట్లాడుకోగలిగే ఇళ్ళకే. చెయ్యి చేసుకునే చోట, జీతం లాక్కునే చోట, ఫోను పగలగొట్టే చోట మొదటి వాక్యం ఎంత మెత్తగా ఉన్నా లాభం లేదు. అక్కడ "సర్దుకుపో" అనేవాళ్ళ మాట అసలు వినక్కర్లేదు. 2005 గృహహింస చట్టం కొట్టడాన్నే కాదు, అవమానించడాన్నీ, పిల్లలు లేరని, మగపిల్లాడు లేడని దెప్పడాన్నీ, ఖర్చులకి ఇవ్వకుండా బిగించడాన్నీ హింస కిందే లెక్కగట్టింది. మహిళల హెల్ప్‌లైను 181, ప్రాణం మీదకొస్తే 112.

సాయంత్రం కృష్ణ మీద ప్రకాశం బ్యారేజీ కిందివైపు ఘాట్ మెట్ల మీద జనం. పైనుంచి నీళ్ళొస్తున్నాయి, కొన్ని గేట్లు ఎత్తారు. మొత్తం డెబ్భై గేట్లు. కింద మెట్టు మీద ఒకమ్మాయి "ఎన్ని వదిలారో చూడు" అంది. పక్కనతను ఫోను చూసుకుంటున్నాడు. ఇలాంటి చిన్న పిలుపుల్ని కూడా గాట్మన్ బృందం లెక్కపెట్టింది. పెళ్ళయిన ఆరేళ్ళకి కలిసున్న జంటలు నూటికి 86 సార్లు పలికాయి, విడిపోయిన జంటలు 33 సార్లే. అతను ఫోను జేబులో పెట్టి, కళ్ళు చికిలించి, వేలితో చూపిస్తూ లెక్కపెట్టడం మొదలుపెట్టాడు. పన్నెండో పదమూడో దగ్గర తప్పిపోయాడు.

"అటునుంచి రా," అంది. అవతలి ఒడ్డు, సీతానగరం వైపు నుంచి మళ్ళీ ఒకటి.