గోడ మీద ముప్పై ఏడు పూతలు

పర్లాకిమిడిలో మా తాతగారు కట్టించిన ఇంటి దక్షిణపు గోడ నుంచి కిందటి వర్షాకాలం చివర్లో అరచేయంత పెచ్చు ఒకటి ఊడిపడింది. చీపురుతో ఊడ్చి పారేయబోయి, దాని అంచు చూసి ఆగిపోయాను. తడిగుడ్డతో తుడిచి భూతద్దం కింద పెడితే, తెలుపు మీద తెలుపుగా, నడుమ నడుమ నీలిమందు ఛాయలతో, ఒక్కచోట మాత్రం గంధపు రంగుతో, ముప్పై ఏడు పొరలు లెక్కకు వచ్చాయి. ఏటేటా సంక్రాంతికి ముందు మా నాయనమ్మ దగ్గరుండి వేయించిన వెల్లలే అవి. గంధపు రంగు పొర మా చిన్నత్త పెళ్ళినాటిదని అమ్మ చూడగానే గుర్తుపట్టింది. నాయనమ్మ పోయాక కొన్నేళ్ళు వెల్ల వేయలేదు. ఆ కాలం పెచ్చులో సన్నటి మసిగీతగా మిగిలింది.

ఆ మసిగీతను చూస్తుంటే నాకు తుర్కియేలోని చాతల్‌హుయుక్ గుర్తుకు వచ్చింది. క్రీ.పూ. 7100 ప్రాంతం నుంచి వెయ్యేళ్ళకు పైగా మనుషులు కాపురమున్న ఆ నవీన శిలాయుగపు ఊళ్ళో ఇళ్ళు ఒకదానికొకటి ఆనుకొని ఉండేవి, వీధులు లేవు, ఇంటి కప్పు మీది నుంచి నిచ్చెన దిగి లోపలికి వెళ్ళేవారు. జేమ్స్ మెల్లార్ట్ 1961లోను, తర్వాత 1993 నుంచి ఇయన్ హాడర్ బృందం అక్కడ తవ్వకాలు జరిపినప్పుడు, గోడల మీద వందలాది తెల్లటి పూతలు ఒకదాని మీద ఒకటి కనిపించాయి. ప్రతి పూతకూ దాని మీది పూతకూ మధ్య పొయ్యి పొగతో పట్టిన మసి సన్నగా గీత గీసినట్లు నిలిచి ఉంది. కొన్ని పూతల మీద ఎర్రని బొమ్మలు వేసి, కొన్నాళ్ళకు వాటి మీద మళ్ళీ తెల్లగా పూసేసేవారు. బొమ్మను కప్పివేయడానికి వాళ్ళు వెనుకాడలేదంటే, వాళ్ళకు బొమ్మ ఎంత ముఖ్యమో పూయడమూ అంత ముఖ్యమని నాకు అనిపిస్తుంది.

అయితే ఇక్కడ ఒక మాట స్పష్టంగా చెప్పాలి. చాతల్‌హుయుక్ గోడల తెలుపు చాలావరకు కాల్చిన సున్నం కాదు. ఆ చుట్టుపక్కల దొరికే, సున్నపు అంశం ఎక్కువగా ఉన్న మెత్తని తెల్లమట్టి. అడుగు పొరల్లో కాల్చిన సున్నంతో చేసిన నేలలు కనిపిస్తాయి గాని, తర్వాతి తరాలవారు ఆ పని మానేశారు. తెల్లగా కనిపించిన ప్రతి పూతనూ సున్నమనేయడం చాలా రాతల్లో చూస్తాను, అది సరికాదు. తెల్లమట్టిని తవ్వి కలిపితే చాలు. సున్నం అలా కాదు, దాన్ని పుట్టించాలి.

పుట్టించడమంటే ఏమిటో ఈ ఏడు కళ్ళారా చూశాను. పదిహేనేళ్ళ కిందట ఇదే గోడ అడుగు భాగానికి ఒక పనివాడి సలహా మీద సిమెంటు పూత వేయించాము. నేలలోని చెమ్మ బయటికి పోయే దారి మూసుకుపోయి, ఆ చెమ్మ పైకి పాకి, సిమెంటు ఆగిన చోటునుంచి చవుడు రాలడం మొదలైంది. ఈసారి పాతపట్నం వైపు నుంచి ఒక ముసలి తాపీమేస్త్రిని పిలిపించాము. ఆయన సిమెంటు మొత్తం చెక్కించి, పెరట్లో గొయ్యి తవ్వించి, సముద్రపు గుల్లలు కాల్చిన సున్నం తెప్పించాడు. దాని మీద నీళ్ళు పోయగానే గొయ్యి కుతకుత ఉడికి, ఆవిరి లేచి, గట్టి గుల్లలు మా కళ్ళెదుటే విచ్చిపోయి పేస్టులా మారాయి. పిల్లలను దూరంగా నిలబెట్టాము. మర్నాడే పని మొదలుపెడతారా అని అడిగితే ఆయన, "సున్నానికి తొందర పనికిరాదు బాబూ, ఎంత నానితే అంత వెన్నవుతుంది" అన్నాడు. నెలన్నర నాననిచ్చి, జల్లెడ పట్టిన ఇసుక కలిపి, కరక్కాయలు నానబెట్టిన నీళ్ళు, బెల్లపు నీళ్ళు పోసి, గానుగ లేదు గనుక రోకళ్ళతో దంపించాడు.

జరిగినదంతా రసాయనశాస్త్రంలో చిన్న లెక్కే. సున్నపురాయి అయినా సముద్రపు గుల్ల అయినా ప్రధానంగా కాల్షియం కార్బొనేటు. దాన్ని 800 నుంచి 900 డిగ్రీల వేడిలో గంటల తరబడి ఉంచితే బొగ్గుపులుసు గాలి విడిపోతుంది. 100 కిలోల స్వచ్ఛమైన రాయిలో 44 కిలోలు గాలిలో కలిసి, 56 కిలోల కాల్చిన సున్నం మిగులుతుంది. అందుకే కాల్చిన రాయి ఆకారం మారకుండానే తేలికవుతుంది. ఆ 56 కిలోలు 18 కిలోల నీటిని పట్టుకొని, వేడి కక్కి, 74 కిలోల తడిసున్నమవుతాయి. గోడకు పూశాక ఆ సున్నం గాలిలోని బొగ్గుపులుసు గాలిని మెల్లమెల్లగా పీల్చుకొని, తిరిగి మొదటి రాయే అవుతుంది. రాతిని మెత్తగా చేసి, కావలసిన రూపం ఇచ్చి, మళ్ళీ రాతిగా మార్చడం ఇది. కుండలు కాల్చడం ఇంకా తెలియని మనుషులకు ఈ విద్య తెలిసిందన్నది నేను ఎన్నిసార్లు చదివినా అలవాటు కాని సంగతి.

ఆరంభాలు చిన్నవి. ఈజిప్టులోని సైనై ఎడారిలో లగామా అనే చోట సుమారు 14,000 ఏళ్ళ కిందటి వేటగాళ్ళు చిన్న రాతి ములుకులను పిడులకు అతికించడానికి సున్నం వాడారు. ఇజ్రాయెల్ ఉత్తరాన గలిలీలోని హయోనిమ్ గుహలో సుమారు 12,000 ఏళ్ళ కిందట నతూఫియన్లనే వేట, సేకరణలతో బతికినవారు సున్నం కాల్చిన ఆనవాళ్ళు దొరికాయి. కింగెరీ, వాండివర్, ప్రికెట్ అనే పరిశోధకులు 1988లో ప్రచురించిన అధ్యయనంలో ఇలాంటి పూతలను సూక్ష్మదర్శినితో పరీక్షించి, కాల్చి చేసిన సున్నానికీ దంచి కలిపిన సున్నపురాయికీ రేణువుల ఆకారంలో తేడా చూపారు. నుసిగా దంచిన రాయికి పదునైన అంచులుంటాయి. గాలి పీల్చుకొని మళ్ళీ గట్టిపడిన సున్నం అతిసన్నని గుండ్రటి రేణువులుగా కనిపిస్తుంది. తూర్పున మెసొపొటేమియా వైపు జిప్సం వాడకం ఎక్కువని, పడమట లెవాంట్ (మధ్యధరా సముద్రపు తూర్పు తీరప్రాంతం), అనటోలియా (ఇప్పటి తుర్కియే) వైపు సున్నం ఎక్కువని కూడా వారు గుర్తించారు. జిప్సానికి 150 నుంచి 200 డిగ్రీలు చాలు, కట్టెలూ శ్రమా తక్కువ. కాని అది నీటికి నిలవదు. అంతకు ఎన్నో రెట్లు కష్టమైన సున్నాన్ని కావాలని ఎంచుకున్నవాళ్ళున్నారన్నమాట.

క్రీ.పూ. 8500 నుంచి 7000 వరకు, కుండలు రాకముందరి ఆ కాలంలో, లెవాంట్‌లోని జెరికో, ఐన్ గజాల్, యిఫ్తహెల్ వంటి ఊళ్ళలో ఇళ్ళ నేలలను సున్నపు గచ్చుతో పరిచారు. చాలా నేలలకు ఎర్ర కావి రంగు వేసి, గులకరాయితో నున్నగా రుద్ది మెరుగు తెచ్చారు. మా ఇంటి నడవలో మిగిలిన పాత గచ్చు మీద చెప్పులు లేకుండా నడిచినవాళ్ళకు ఆ నునుపు ఎలా ఉంటుందో వేరే చెప్పనక్కర్లేదు.

ఇక నన్ను ఈ విషయానికి కట్టిపడేసిన సంగతికి వస్తాను. ఆ ఊళ్ళలో చనిపోయినవారిని ఇంటి నేల కిందనే పాతిపెట్టేవారు. శరీరం శిథిలమయ్యాక గచ్చును తవ్వి, కొందరి పుర్రెలను మాత్రం పైకి తీసి, ఆ గుంటను మళ్ళీ గచ్చుతో పూడ్చేవారు. తీసిన పుర్రెల్లో కొన్నింటికి సున్నంతో ముక్కు, చెంపలు, పెదవులు తీర్చి, కళ్ళ చోట గవ్వలో ఆలిచిప్ప ముక్కలో పొదిగేవారు. 1953లో జెరికోలో కాథ్లీన్ కెన్యన్ బృందం ఇలాంటివి ఏడు వెలికితీసింది. వాటిలో ఒకటి ఇప్పుడు బ్రిటిష్ మ్యూజియంలో ఉంది. దాన్ని సి.టి. స్కానింగ్ చేసి చూస్తే, అది వయసు వచ్చిన మగమనిషి పుర్రె అని, పసితనంలో తలకు కట్టు కట్టి ఆకారం మార్చారని, వెనుక గుండ్రంగా కోసి లోపల మట్టి కూరారని, పళ్ళకు చీముగడ్డలుండేవని తేలింది. పంటినొప్పితో బాధపడిన ఒకానొక మనిషి అతను. అతన్ని ఎరిగినవాళ్ళే తమ వేళ్ళతో ఆ ముఖాన్ని మళ్ళీ తీర్చారని నేను నమ్ముతాను.

జోర్డాన్ రాజధాని అమ్మాన్ శివార్లలోని ఐన్ గజాల్, రోడ్డు పనుల వల్ల బయటపడిన ఊరు. అక్కడ 1983లో ఒక గుంటలోను, 1985లో మరొక గుంటలోను కలిపి సుమారు ముప్పై సున్నపు బొమ్మలు దొరికాయి. కొన్ని తల నుంచి పాదాల వరకు ఉన్నవి, కొన్ని ఛాతీ వరకు మాత్రమే ఉన్నవి, వాటిలో మూడింటికి రెండేసి తలలు. అన్నిటికన్నా పెద్దవి మీటరు ఎత్తు. రెల్లు కట్టలను నారతాళ్ళతో బిగించి అస్థిపంజరంలా చేసుకొని, దాని మీద సున్నం పొరలుగా పూసి బొమ్మను తీర్చారు. రెల్లు ఎప్పుడో కుళ్ళిపోయింది గాని, ఆ తాళ్ళ పేటల అచ్చులు సున్నం లోపలివైపు ఇప్పటికీ ఉన్నాయి. కళ్ళ చుట్టూ నల్లని తారుతో గీత, మధ్యలో నల్లని కనుపాప, నోరు చిన్నది. ఛాయాచిత్రాల్లో చూసినా ఆ కళ్ళు మన వైపే చూస్తున్నట్లుంటాయి. వీటిని పగలగొట్టి పారేయలేదు. ఖాళీ చేసిన ఇళ్ళ నేలల కింద గొయ్యి తీసి, మనుషులను పడుకోబెట్టినట్టు వరసగా పెట్టి పూడ్చారు.

నేల, గోడ, పుర్రె ముఖం, బొమ్మ, ఇవన్నీ ఒకే పదార్థంతో అయ్యాయి. పండితులు వీటిని కట్టడాల అధ్యాయంలో కొన్ని, కళ అధ్యాయంలో కొన్ని విడదీసి రాస్తారు. ఆ విభజన మనది గాని ఆ మనుషులది కాదని నా అభిప్రాయం. గట్టిదనం కోసమే అయితే మట్టినేలకు పేడ అలికి కాపురం చేసుకోవచ్చు. ప్రపంచంలో ఎక్కువమంది చేసినది అదే. కట్టెలు మోసి, రోజుల తరబడి నిప్పు కాచి సున్నం తీసింది ఇంటికి చర్మం వేయడానికని నాకు తోస్తుంది. ఇంటికి వేసిన చర్మాన్నే తాతముత్తాతల ఎముకలకూ వేశారు. నేల పగిలితే పూసినట్లే, ముఖం పోయిన మనిషికీ పూశారు.

ఐన్ గజాల్‌ను తవ్విన గ్యారీ రోలెఫ్సన్, సున్నం బట్టీలకు చెట్లు కొట్టడం వల్ల అక్కడి అడవి తరిగిపోయి ఊరి బతుకు దెబ్బతిన్నదని వాదించారు. అంత కట్టె అవసరమే లేదని మరికొందరు కాదన్నారు. మేకల మందలకు కూడా అందులో వాటా ఉన్నదన్నది న్యాయంగా తోస్తుంది.

సున్నంతో వాళ్ళు ఇంకా చాలా చేశారు. సిరియాలో మట్టికుండలకు ముందే సున్నంతో పాత్రలు చేసి వాడారు. తుర్కియేలోని చాయొనులో సున్నంలో రంగురాళ్ళు పొదిగి, అరగదీసి మెరుగుపెట్టిన నేల ఉంది. సెర్బియాలో డాన్యూబ్ ఒడ్డున లెపెన్‌స్కీ వీర్‌లో చేపలు పట్టుకునేవారి ఇళ్ళకు ఎర్రటి గచ్చు నేలలున్నాయి.

మన వైపు నవీన శిలాయుగం దారి వేరు. పాలమూరు ప్రాంతపు ఉట్నూరులో 1957లో ఆల్చిన్ అనే పురావస్తు పరిశోధకుడు తవ్విన బూడిద దిబ్బ, పశువుల పేడను ఏళ్ళ తరబడి పోగుచేసి కాల్చగా ఏర్పడింది. ఒడిశాలో చిలికా సరస్సుకు దగ్గరలో ఖుర్దా జిల్లాలోని గోల్బాయి శాసన్‌లో గుండ్రటి గుడిసెల ఆనవాళ్ళు దొరికాయి. వాటిని సున్నపు నేలలతో పోల్చి తక్కువ చేయడం నాకిష్టం లేదు. గోడకూ పితృదేవతలకూ ఉన్న సంబంధం చూడాలంటే మా ఊరినుంచి కొండ ఎక్కితే చాలు. గిడుగు రామమూర్తి పంతులుగారు పర్లాకిమిడిలో ఉంటూ ఎవరి భాష నేర్చుకున్నారో, ఆ సవరల ఇళ్ళలో ఎర్రమట్టి గోడ మీద బియ్యపుపిండితో వెదురుపుల్ల ముంచి వేసే ఇడిటాల్ చిత్రాలు చనిపోయినవారి కోసం, వేల్పుల కోసం వేసేవే. అది సున్నం కాదు, ఐన్ గజాల్‌కు దానికీ చుట్టరికం లేదు. అయినా తెల్లటి పూతను చనిపోయినవారికి ఇచ్చే మర్యాదగా భావించడం అర్థం కావడానికి నాకు ఆ గోడలే సాయపడ్డాయి.

మన మాటల్లోనూ ఆ గౌరవం ఉంది. సంస్కృతంలో సుధ అంటే అమృతం, సున్నం కూడా. సున్నం పూసిన ఇల్లు గనుక సౌధం. పూరీ జగన్నాథాలయం తరతరాల సున్నపు పూతలతో ఎంత తెల్లగా ఉండేదంటే, ఓడలవాళ్ళు దాన్ని తెల్ల పగోడా అనేవారు. ఆ దళసరి పూతలను పురావస్తు శాఖవారు తొలగించినప్పుడు కింద శిల్పాలు బయటపడ్డాయి.

మా గోడకు మార్గశిరంలో పూత పూర్తయింది. గట్టిపడేటప్పుడు సున్నం పీల్చుకునేది ఆ రోజుల గాలినే గనుక, పాత సున్నపు గచ్చును కార్బన్ పద్ధతిలో పరీక్షించి అది ఏ కాలపుదో చెప్పగలుగుతున్నారు. కాలీకాలని రాయి ముక్కలు కలిసి ఉంటే మాత్రం లెక్క తప్పుతుంది. ఇప్పుడు మా గోడ ఈ శీతకాలపు గాలిని పీల్చుకుంటోంది. రంగులేవీ వేయవద్దని, పొద్దునా సాయంత్రమూ నీళ్ళు చిలకరించమని మేస్త్రి చెప్పి వెళ్ళాడు. అమ్మ రోజూ చిలకరిస్తోంది. వెల్ల వేయడానికి ఆయన సంక్రాంతికి నాలుగు రోజుల ముందు వస్తానన్నాడు. నీలిమందు ఎంత కలపాలో నాయనమ్మ లెక్క అమ్మకు తెలుసు.