కడపలో రాసిన కథ సెన్సారు సర్టిఫికెట్ అందుకునే దాకా: నా అనుభవం

కడప ఆకాశవాణికి నాటికలు రాయడంతో మొదలుపెట్టి, చాలా ఏళ్లు హైదరాబాదులో దినసరి ధారావాహికలకు మాటలు రాసి, చివరికి నా కథను నేనే నిర్మాతగా సినిమా తీసి సర్టిఫికెట్ అందుకున్న క్రమాన్ని ఇక్కడ రాస్తున్నాను. మా జిల్లాలో కథలు రాసే పిల్లలు కనిపించినప్పుడల్లా "అక్కా, సినిమాకు రాయాలంటే ఎవరిని కలవాలి?" అని అడుగుతుంటారు. ఎవరిని కలవాలన్నది తర్వాతి సంగతి. కలవడానికి వెళ్లేటప్పుడు చేతిలో ఏ కాగితం ఉండాలో ముందు తెలియాలని నేను గట్టిగా నమ్ముతాను కనుక, ఈ వ్యాసంలో కాగితాల గురించే ఎక్కువగా ఉంటుంది.

సినిమా మన ప్రాంతానికి పరాయి విద్య కాదు. సురభి నాటక సమాజం 1885లో ఈ కడప జిల్లా పల్లెలోనే పుట్టింది. నాటక నటుడు బళ్లారి రాఘవ పుట్టిందీ, సినిమా దర్శకుడు కె.వి.రెడ్డి పుట్టిందీ తాడిపత్రిలోనే. దక్షిణాది నుండి మొదటిసారిగా దాదాసాహెబ్ ఫాల్కే పురస్కారం అందుకున్న బి.ఎన్.రెడ్డి, ఆయన తమ్ముడు నాగిరెడ్డి మా జిల్లా నుండే మద్రాసుకు వెళ్లారు. వాళ్లు నిర్మాతలుగా నిలబడిన చోట ఈ నేల మనుషులు రచయితలుగానైనా నిలబడలేరా అన్న పట్టుదల నాకు చిన్ననాటి నుండి ఉంది.

ధారావాహిక రచన గురించి చెప్పాలంటే, బయట అనుకునేంత తేలిక పని కాదు. అరగంట స్లాటులో ప్రకటనలు పోగా ఇరవై రెండు నిమిషాల దాకా కథ కావాలి, వారానికి ఐదారు రోజులు కావాలి. కథ ఒకరిది, స్క్రీన్‌ప్లే మరొకరిది, మాటలు నావి. గురువారం రేటింగులు వచ్చాయంటే శుక్రవారానికి ట్రాకు, అంటే కథ నడిచే దారి, మారిపోయేది. అత్తగారి పాత్రధారికి డేట్లు లేవంటే ఆమె నోట రాసిన మాటలన్నీ ఆ పూటకు ఆడపడుచు నోటికి మార్చి, సెట్లో లైట్లు పెట్టేలోగా వాట్సాప్‌లో పంపాల్సి వచ్చేది. ఆ హడావిడిలోనూ నన్ను కాపాడింది ఆకాశవాణిలో నేర్చుకున్న పద్ధతే. వంటింట్లో పని చేసుకుంటూ టీవీని వినేవాళ్లు చూసేవాళ్లకంటే తక్కువేమీ కాదు కాబట్టి, ఎవరు ఎవరితో మాట్లాడుతున్నారో, ఆ మాటలో కోపమెంతో, భయమెంతో చెవికే తెలిసేటట్లు రాయాలి. ఈ పని నాకు వేగాన్నీ, పొదుపునూ ఇచ్చింది. అయితే రాసిన వేల పుటల్లో ఒక్క పుట మీద కూడా నాకు హక్కు లేదు. అన్నీ చానలువి, నిర్మాణ సంస్థవి. జీతంలాగా డబ్బు తీసుకుని రాసినందుకు నాకు ఫిర్యాదు లేదు. కానీ నా సొంత కథకు అదే గతి పట్టకూడదని నిశ్చయించుకున్నాను.

ఆ సొంత కథ గండికోట జలాశయం ముంపులో ఊరు పోగొట్టుకుని, మందతో సహా తరలిపోయిన ఒక గొర్రెల కాపరి కుటుంబానిది. ఎర్రముక్కపల్లెలోని బ్రౌన్ గ్రంథాలయంలో కూర్చుని పాత దండకవిలెలు, అంటే పల్లెల పాత రికార్డులు, చదువుతూ, ముంపు ఊళ్ల పెద్దవాళ్లతో మాట్లాడుతూ దాన్ని రాశాను. నిర్మాతలకు నెరేషన్ ఇవ్వడానికి, అంటే కథ వినిపించడానికి, వెళ్లేముందు మొదట చేసిన పని కాపీరైటు నమోదు. రాసిన క్షణం నుండే రచన మీద హక్కు పుడుతుందనీ, నమోదు తప్పనిసరి కాదనీ చట్టమే చెబుతుంది. అయినా వివాదం వస్తే నమోదు పత్రం తొలి సాక్ష్యంగా నిలుస్తుంది. సాహిత్య రచనకు రుసుము 500 రూపాయలు. ఆన్‌లైనులో దరఖాస్తు చేసి డైరీ నంబరు, అంటే దరఖాస్తు సంఖ్య, తీసుకున్నాక, ఎవరైనా అభ్యంతరం చెబుతారేమోనని ముప్పై రోజులు ఆగి ఆ తర్వాత పరిశీలనకు తీసుకుంటారు. తెలుగు సినీ రచయితల సంఘంలో స్క్రిప్టు నమోదు చేయించుకోవడం దీనికి అదనపు రక్ష.

ఇక్కడ ఒక విషయం గట్టిగా చెప్పాలి. 'ముంపు ఊరి గొర్రెల కాపరి కథ' అన్న ఆలోచనను ఎవరూ సొంతం చేసుకోలేరు. ఆలోచనకు కాపీరైటు లేదని, దాన్ని వ్యక్తం చేసిన తీరుకే ఉంటుందని సుప్రీంకోర్టు 1978లో ఆర్.జి.ఆనంద్ కేసులో స్పష్టంగా తేల్చింది. అందువల్ల నాలుగు వాక్యాల పాయింటును నమోదు చేసి నిశ్చింతగా ఉండడంలో అర్థం లేదు. సీన్ ఆర్డరు, పాత్రలు, మాటలు అన్నీ నిండుగా ఉన్న పూర్తి స్క్రిప్టునే నమోదు చేయాలి. నేను డైలాగ్ వెర్షన్, అంటే మాటలతో సహా పూర్తి స్క్రిప్టు, పూర్తయ్యేదాకా ఎవరికీ కథ చెప్పలేదు.

కథ విన్న ఒక నిర్మాణ సంస్థ చాలా ఇష్టపడి అగ్రిమెంటు ముసాయిదా పంపింది. కథ, మాటలు, పాత్రలు, పేరు, ఇప్పుడున్న మాధ్యమాల్లోనూ ఇక ముందు రాబోయే మాధ్యమాల్లోనూ, ప్రపంచమంతటా, శాశ్వతంగా వారివేనని అందులో ఉంది. "ఇది మేము అందరికీ ఇచ్చే ఫార్మాటే మేడమ్, చూడాల్సిందేమీ లేదు" అని వారి మేనేజరు ఫోనులో చెప్పారు. నేను ఆ కాగితాలు కడప కోర్టులో న్యాయవాదిగా ఉన్న మా చిన్నాయన దగ్గరికి తీసుకుపోయాను. ఆయన రెండుసార్లు చదివి, "ఏమ్మా, ఇంత రాసిచ్చినాక నీకేం మిగుల్తాది?" అన్నారు. ఆ తర్వాత కొన్ని సాయంత్రాలు మేమిద్దరం 1957 కాపీరైటు చట్టాన్ని, దాని 2012 సవరణను దగ్గర పెట్టుకుని ఆ ముసాయిదాలోని ఒక్కో క్లాజునూ పోల్చి చూశాము.

ఆ చదువు నాకెంత ధైర్యాన్ని ఇచ్చిందో మాటల్లో చెప్పలేను. హక్కుల బదిలీ రాతపూర్వకంగా, సంతకంతో ఉండాలి. ఎంత కాలానికో రాయకపోతే ఐదేళ్లకే అని, ఏ ప్రాంతానికో రాయకపోతే భారతదేశానికే అని చట్టం భావిస్తుంది. హక్కులు తీసుకున్నవారు ఏడాదిలోగా వాటిని వాడుకోకపోతే, ఒప్పందంలో వేరేగా రాసి ఉంటే తప్ప, ఆ హక్కులు రద్దయిపోతాయి. కొత్త మాధ్యమాల విషయమూ అంతే: ఒప్పందం నాటికి లేని మాధ్యమానికి హక్కులు పోవాలంటే దాన్ని పేరుపెట్టి రాసి ఉండాలి. వీటన్నిటికంటే ముఖ్యమైనది రాయల్టీ. సినిమాలో భాగమైన సాహిత్య రచనను థియేటరు ప్రదర్శనకు కాకుండా మరోవిధంగా వాడినప్పుడు వచ్చే రాయల్టీలో రచయితకు సమాన వాటా ఉంటుంది. రచయిత తనంతట తాను వదులుకుంటానన్నా 2012 సవరణ ఒప్పుకోదు. హక్కులన్నీ అమ్మేసినా, ఇది నా రచన అని చెప్పుకునే హక్కు 57వ సెక్షను కింద రచయితకు మిగిలే ఉంటుంది.

నేను నాలుగు మార్పులు అడిగాను. పారితోషికం వన్ లైన్ ఆర్డరు (ఒక్కో సన్నివేశానికి ఒక్కో పంక్తితో రాసే వరుస), స్క్రీన్‌ప్లే, డైలాగ్ వెర్షన్, షూటింగు మొదటి రోజు అనే దశలవారీగా ఇవ్వాలి. టైటిల్ కార్డులోనూ, పోస్టరులోనూ నా పేరు విడిగా ఉండాలి. రీమేకుకూ, డబ్బింగుకూ వేరే సొమ్ము ఇవ్వాలి. మూడేళ్లలో సినిమా మొదలుపెట్టకపోతే కథ నాకు తిరిగి రావాలి. మొదటి రెండింటికీ వారు వెంటనే ఒప్పుకున్నారు, చివరి రెండింటికీ ఎంతకూ ఒప్పుకోలేదు. కథ వారి బీరువాలో ఏళ్ల తరబడి పడి ఉండటం నాకు సమ్మతం కాదు. అడ్వాన్సు తీసుకోలేదు, సంతకం పెట్టలేదు కాబట్టి గౌరవంగానే సెలవు తీసుకున్నాను.

నిర్మాతగా మారాలన్న నిర్ణయం అక్కడే జరిగింది. నా భర్త, ప్రొద్దుటూరులోని ఇద్దరు స్నేహితులు పెట్టుబడి పెట్టారు, భాగస్వామ్య పత్రం రాసుకున్నాము, హైదరాబాదు ఫిలిం చాంబరులో బ్యానరునూ టైటిలునూ నమోదు చేయించాము. డబ్బు కూడగట్టడం గురించి ఇంతకుమించి చెప్పేందుకేమీ లేదు, అది ఎవరి శక్తిని బట్టి వారిది. చెప్పదగ్గది ఏమిటంటే, నిర్మాత కళ్లతో చూసినప్పుడు నా స్క్రిప్టే నాకు కొత్తగా కనిపించింది. రాత్రి వాన సన్నివేశం అని రచయితగా ఒక్క పంక్తి రాశాను. ఆ పంక్తికి జనరేటరు, నీళ్ల ట్యాంకర్లు, రాత్రి బేటాలు (రాత్రి పనికి ఇచ్చే భత్యాలు) అన్నీ కావాలి. దాన్ని వాన వెలిసిన తెల్లవారుజాముకు మార్చాను. తడిసిన ఉన్ని వాసన గురించి ముసలమ్మ చెప్పే మాట ఆ వేళకు ఇంకా బాగా కుదిరింది. తాత పాత్ర బీడీ తాగుతూ ఉండేది. తెర మీద పొగాకు కనిపిస్తే సినిమా మొదట్లోనూ మధ్యలోనూ 30 సెకన్ల ఆరోగ్య ప్రకటనలు వేయాలి, 20 సెకన్ల హెచ్చరిక వేయాలి, ఆ దృశ్యం నడిచినంతసేపూ కింద అక్షరాలు ఉండాలి. ఆయన చేతికి వక్కాకు ఇచ్చాను, ఆయన మాట తీరు ఏమాత్రం మారలేదు.

అనుమతుల్లో రెండింటికి ముందు నుండే సమయం కేటాయించుకోవాలి. గండికోటలో కేంద్ర పురావస్తు శాఖ రక్షణలోని కట్టడాల దగ్గర చిత్రీకరణకు ఆ శాఖ లైసెన్సు కావాలి. ఏ రోజు, ఏ దృశ్యం, ఎంతమంది అన్నది దరఖాస్తులోనే రాయాలి. రెండోది గొర్రెల మంద. జంతువులు కనిపించే సినిమాకు 2001 నాటి నిబంధనల ప్రకారం భారత జంతు సంక్షేమ బోర్డు దగ్గర చిత్రీకరణకు ముందే అనుమతి పొందాలి, తర్వాత నిరభ్యంతర పత్రం తెచ్చుకోవాలి. బోర్డు కార్యాలయం ఇప్పుడు హర్యానాలోని బల్లభ్‌గఢ్‌లో ఉంది. మంద యజమాని అంగీకార పత్రం, పశువైద్యుని ధ్రువపత్రం, సన్నివేశంలో గొర్రెలు ఏం చేస్తాయో వివరించే పుటలు అన్నీ జతపరిచాము. గొర్రెలకు నీడ, నీరు, విశ్రాంతి ఉండేలా కాల్ షీట్లు, అంటే రోజువారీ చిత్రీకరణ వేళలు, వేసుకున్నాము. నిబంధన లేకపోయినా అలాగే చేసేవాళ్లము, ఎందుకంటే ఆ మంద ఒక కుటుంబానికి ఏడాది బతుకుదెరువు.

ఎడిటింగు, డబ్బింగు అయ్యాక సెన్సారు బోర్డువారి ఈ-సినీప్రమాణ్ పోర్టలులో దరఖాస్తు పెట్టాము. కథా సంగ్రహం, నటీనటుల, సాంకేతిక నిపుణుల జాబితా, పాటల సాహిత్యం, సంభాషణల పూర్తి ప్రతి, టైటిలు పత్రం, జంతు సంక్షేమ బోర్డు పత్రం సమర్పించాలి. సంభాషణల ప్రతి తెర మీద వినిపించే మాటలకు అక్షరం తేడా లేకుండా ఉండాలి. డబ్బింగులో నటులు మార్చిన ప్రతి మాటనూ వింటూ నేనే తిరిగి రాశాను. ఈ పనిని సహాయకులకు వదలవద్దని నా సలహా.

2024 నిబంధనల తర్వాత, పిల్లలు పెద్దల మార్గదర్శకత్వంలో చూడదగ్గ యూఏ తరగతిని 7+, 13+, 16+ అని మూడుగా విభజించారు. బోర్డు హైదరాబాదు ప్రాంతీయ కార్యాలయం ఏర్పాటు చేసిన ప్రదర్శనను పరిశీలనాధికారి, సలహా ప్యానెల్ సభ్యులు చూశారు. తర్వాత మమ్మల్ని లోపలికి పిలిచారు. అభ్యంతరమల్లా ఊరు ఖాళీ చేసే సన్నివేశంలో ముసలమ్మ పెట్టే శాపనార్థాల మీదే. సీమ పల్లెల్లో దుఃఖం పొంగినప్పుడు ముసలివాళ్లు దేవుణ్ణీ నేలనూ కలిపి తిడతారనీ, అందులో మనిషిని కించపరిచే ఉద్దేశం ఉండదనీ నిదానంగా వివరించాను. వారు శ్రద్ధగా విన్నారు. ఒక్క మాటను మాత్రం మ్యూట్ చేయమన్నారు, మిగిలినదంతా ఉండనిచ్చారు. ఒప్పుకోకపోతే సినిమాను మళ్లీ చూసే రివైజింగు కమిటీకి, ఆపైన హైకోర్టుకు వెళ్లవచ్చు. 2021లో సెన్సారు నిర్ణయాల మీద అప్పీళ్లు వినే అప్పిలేట్ ట్రిబ్యునలును రద్దు చేశాక మధ్యలో మరో మెట్టు లేదు. ఆ మాట లేకపోయినా ఆమె గొంతు చాలునని నాకు అనిపించి, మార్చిన భాగాన్ని సమర్పించాను. యూఏ 13+ సర్టిఫికెట్ వచ్చింది. పాత పదేళ్ల గడువు 2023 సవరణతో పోయింది కాబట్టి అది శాశ్వతంగా చెల్లుతుంది.

గొర్రెల కాపరుల మాటల్లో చాలా భాగం మైదుకూరుకు చెందిన ఒక యువ రచయిత రాశాడు. షూటింగు మొదలవకముందే అతనితో అగ్రిమెంటు చేసుకున్నాను. దశలవారీ పారితోషికం, టైటిల్ కార్డులో 'అదనపు మాటలు' కింద అతని ఒక్కడి పేరు, డబ్బింగు, రీమేకు సొమ్ములో వాటా, సినిమా మూడేళ్లలో మొదలవకపోతే అతని మాటలు అతనివే అన్న క్లాజు, అన్నీ చిన్నాయన చేతనే రాయించాను. ఇప్పుడు హిందీ డబ్బింగు హక్కుల కోసం ఒక సంస్థతో చర్చలు జరుగుతున్నాయి. వారు పంపిన ముసాయిదాను నేనూ ఆ అబ్బాయీ పక్కపక్కన కూర్చుని క్లాజు వెంట క్లాజు చదువుతున్నాము.