బో వీధుల్లో సిల్వియా కోసం

లండన్ వెళ్ళినవాళ్ళు చూసొచ్చేవన్నీ నేనూ చూశాను. వాటి గురించి ఇక్కడ రాయడం లేదు. మా అమ్మాయి పురిటి కోసం పోయిన వేసవిలో వెళ్ళి మూడు నెలలున్నాను. వాళ్ళుండేది ఈస్ట్ హామ్‌లో. వీధి మలుపు తిరిగితే మునక్కాయలు, గోంగూర, ఇడ్లీ రవ్వ అన్నీ దొరుకుతాయి. బిడ్డకి మూడో నెల పడేసరికి ఇంట్లో పని కాస్త తెరిపిచ్చింది. అప్పుడు చెప్పాను మా అమ్మాయితో, "సిల్వియా పాంక్‌హర్స్ట్ తిరిగిన వీధులు చూడాలనుందమ్మా" అని.

ఆమె పేరు నేను మొదట చదివింది ఇథియోపియా గురించిన ఒక వ్యాసంలో. అడిస్ అబాబాలో హోలీ ట్రినిటీ కెథెడ్రల్ ముందు, ఇటలీ దురాక్రమణను ఎదిరించి పోరాడినవాళ్ళ సమాధుల దగ్గర, ఒక ఇంగ్లీషు ఆవిడ సమాధి ఉంది. 1960 సెప్టెంబరు 27న ఆమె చనిపోతే హైలే సెలాసీ చక్రవర్తి ప్రభుత్వ లాంఛనాలతో అంత్యక్రియలు జరిపించాడు. మాంచెస్టర్‌లో పుట్టి, ఓటు కోసం జైళ్ళపాలై, లెనిన్‌తో వాదన పెట్టుకుని, చివరికి ఆఫ్రికా మట్టిలో కలిసిన ఈ మనిషి ఎవరా అని వెతకడం మొదలుపెట్టాను. దొరికినదల్లా చదివాను.

నేను నెల్లూరు జిల్లాలో బడిపంతులమ్మగా పనిచేశాను. ఉద్యోగంలో చేరిన కొత్తలోనే అక్షర దీపం అనే అక్షరాస్యత ఉద్యమం వచ్చింది. పగలు పిల్లలకి, రాత్రి లాంతరు పెట్టుకుని వాళ్ళ అమ్మలకి చదువు చెప్పేవాళ్ళం. వాచకంలో ఊరి ఆడవాళ్ళు సారా కొట్టు మూయించిన పాఠం ఒకటుండేది. ఆ పాఠం పుస్తకంలో ఆగలేదు. దూబగుంటలో రోశమ్మ, ఆమెతోపాటు మిగతా ఆడవాళ్ళు మొదలుపెట్టారు, ఊరూరూ అందుకుంది. సారా వేలంపాటలు జరగనివ్వలేదు. 1993 ఏప్రిల్‌లో మా జిల్లాలో, అక్టోబరు 1 నుంచి రాష్ట్రమంతటా సారా ఆగిపోయింది. ఇదంతా ఇక్కడ ఎందుకంటే, సిల్వియాను నేను చదువుకున్నది ఆ లాంతరు వెలుగులోంచే. ఇంకోలా చదవడం నాకు చేతకాదు.

మొదటి రోజు పార్లమెంటు దగ్గరికి వెళ్ళాం. పక్కనే విక్టోరియా టవర్ గార్డెన్స్‌లో సిల్వియా తల్లి ఎమ్మెలీన్ పాంక్‌హర్స్ట్ విగ్రహం ఉంది, 1930లో పెట్టారు. పెద్దకూతురు క్రిస్టబెల్ ముఖచిత్రం కూడా పక్కనే లోహంలో పోతపోసి ఉంది. రెండో కూతురు సిల్వియా అక్కడ లేదు. 1903లో మాంచెస్టర్ నెల్సన్ స్ట్రీట్‌లోని వాళ్ళింట్లోనే సఫ్రజెట్ల సంఘం, అంటే ఆడవాళ్ళ ఓటు కోసం పోరాడినవాళ్ళ సంఘం, పుట్టింది. జైలుకెళ్ళి వచ్చిన ఆడవాళ్ళకి సంఘం ఇచ్చిన పతకాన్ని, పార్లమెంటు ఇనుప గేటూ ఖైదీల బాణం గుర్తూ కలిపి, గీసిచ్చింది చిత్రకళ చదువుకున్న సిల్వియానే. అయినా ఆమె లేదు. ఎందుకు లేదో నాకు తెలుసు, కానీ ఆ రాతి ముందు నిలబడ్డప్పుడు మనసు చివుక్కుమంది.

తల్లీ అక్కా అడిగింది మగవాళ్ళకున్న షరతుల మీదే ఆడవాళ్ళకీ ఓటు ఇవ్వమని. ఆ షరతులు ఇంటికీ ఆస్తికీ ముడిపడినవి. అప్పటికి ఆ దేశంలో మగవాళ్ళలోనే పదిమందిలో దాదాపు నలుగురికి ఓటు లేదు. అంటే అద్దె గదుల్లో బతికే కూలి ఆడమనిషికి ఆ గెలుపులో వాటా ఉండదు. సిల్వియా ఆ కూలి ఆడవాళ్ళ దగ్గరికే వెళ్ళింది. 1913 నవంబరులో ఆల్బర్ట్ హాల్లో, డబ్లిన్‌లో యజమానులు గేట్లు మూసి వీధిన పడేసిన కార్మికుల కోసం సభ పెడితే ఐరిష్ కార్మిక నాయకుడు జేమ్స్ కానలీ మాట్లాడిన వేదిక మీద తనూ మాట్లాడింది. 1914 జనవరిలో ఆమెను పారిస్‌కి పిలిపించి, నువ్వూ నీ తూర్పు లండన్ శాఖా ఇక మాతో లేరని చెప్పేశారు. చెప్పింది సొంత అక్క, పక్కన తల్లి. సంఘాలు చీలడం నేనూ చూశాను, ఉపాధ్యాయ సంఘాల్లో. ఒక ఇంట్లో అన్నం తిన్నవాళ్ళ మధ్య చీలిక ఎలా ఉంటుందో ఊహించుకోవడానికే కష్టంగా ఉంది.

ఆదివారం అల్లుడు కారులో వుడ్‌ఫర్డ్ తీసుకెళ్ళాడు, బిడ్డ కూడా మాతోనే. సిల్వియా 1920ల నుంచి ఇథియోపియా వెళ్ళిపోయేదాకా ఉన్నది అక్కడే, ఇటలీ నుంచి వచ్చిన సిల్వియో కోరియోతో. పెళ్ళి చేసుకోలేదు. 45వ ఏట, 1927 డిసెంబరులో కొడుకు పుట్టాడు. తల్లి ఆ తర్వాత ఆమె మొహం చూడలేదు, ఆర్నెల్లకి కన్నుమూసింది. స్టేషన్ దగ్గర చిన్న పచ్చిక తావుకి పాంక్‌హర్స్ట్ గ్రీన్ అని పేరు పెట్టారు.

నేను చూడాలనుకున్నది మాత్రం హైరోడ్డు మీద ఉంది. రాతి దిమ్మె మీద తలకిందులుగా దిగబడినట్టు ఒక రాతి బాంబు. ఎరిక్ బెన్‌ఫీల్డ్ చెక్కాడు, 1935లో నిలబెట్టారు. 1932లో జెనీవా నిరాయుధీకరణ సభలో, మారుమూల ప్రాంతాల్లో "శాంతిభద్రతల" కోసం విమానాలతో బాంబులేసే హక్కు మాకుండాలని బ్రిటిష్ ప్రభుత్వం పట్టుబట్టింది. ఆ హక్కును నిలబెట్టినవాళ్ళకే ఈ స్మారకం అంకితమని దిమ్మె మీద సిల్వియా రాయించింది, వాళ్ళ పేరు మీదే నిరసన. మారుమూల ప్రాంతాలంటే ఏవి? మన వాయవ్య సరిహద్దు పఠాన్ల ఊళ్ళు అందులో ఉన్నాయి. ఆ బాంబులు పడ్డది అప్పటి మన దేశం మీదే. నేను చాలాసేపు నిలబడిపోయాను. కార్లు పోతూనే ఉన్నాయి, ఎవరూ ఆగి చూడలేదు.

ముస్సోలినీ ఇథియోపియా మీద పడినప్పుడు 1936 మే 5న, సిల్వియా తన 54వ పుట్టినరోజున, ఆ దేశం కోసం ఒక వారపత్రిక మొదలుపెట్టి ఇరవయ్యేళ్ళు నడిపింది. ఇక్కడ నాకు ఆమెతో ఒక పేచీ ఉంది. ఫాసిస్టుల మీద ఎంత నిప్పులు కురిపించిందో, చక్రవర్తి ఏలుబడిలో రైతు బతుకు మీద ఆ కలం అంత పదునుగా నడవలేదు. ప్రేమించిన మనిషిలో లోపం కనిపిస్తే దాచుకోవడం నాకు ఇష్టం లేదు, అందుకే రాస్తున్నాను.

తూర్పు లండన్‌లో సిల్వియా పనిచేసిన పేట బో. అక్కడికి మాత్రం ఒంటరిగా వెళ్ళాను, మంగళవారం. రోమన్ రోడ్డు సంత ఆ రోజుంటుంది. ఈస్ట్ హామ్‌లో డిస్ట్రిక్ట్ లైన్ ఎక్కితే అయిదో స్టేషన్ బో రోడ్. బయటికొచ్చి చర్చి వైపు నడిస్తే రోడ్డు మధ్యలో ప్రధాని గ్లాడ్‌స్టన్ విగ్రహం. ఆ చేతులకి ఎర్రరంగు పూసి ఉంటుంది. విగ్రహం పెట్టించింది బ్రయంట్ అండ్ మే అగ్గిపెట్టెల కంపెనీ యజమానుల్లో ఒకడు, 1882లో. ఆ ఖర్చు కార్మికుల కూలీలోంచి కోశారని ఊళ్ళో చెప్పుకుంటారు. ఎర్రరంగు ఆ నెత్తుటి గుర్తు.

ఫెయిర్‌ఫీల్డ్ రోడ్డులో ఆ ఫ్యాక్టరీ ఎర్ర ఇటుకల గోడలు ఇంకా నిలబడి ఉన్నాయి, లోపల ఇప్పుడు అపార్ట్‌మెంట్లు. 1888లో అక్కడ దాదాపు 1400 మంది ఆడవాళ్ళూ ఆడపిల్లలూ సమ్మె చేశారు. వాళ్ళ కష్టాల్ని ముందుగా పత్రికలో రాసింది అనీ బిసెంట్. మదనపల్లె కాలేజీ బిసెంట్, విజయవాడ బీసెంట్ రోడ్డు బిసెంట్. మన ఊరి పేర్లలో కలిసిపోయిన మనిషి ఇక్కడ ఈ గేటు ముందు నిలబడి ఉండేదని తలచుకుంటే ఈ వీధి నాకు పరాయిది అనిపించలేదు. సిల్వియా వచ్చేనాటికి ఆ సమ్మెకి ఇరవై నాలుగేళ్ళు. అప్పటి అగ్గిపెట్టెల పిల్లలు తల్లులై ఉంటారు.

1912 అక్టోబరులో బో రోడ్డు 198 నంబరులో, ఒకప్పటి రొట్టెల కొట్టు అద్దెకి తీసుకుని, ముందు గోడ మీద "ఆడవాళ్ళకి ఓట్లు" అని బంగారు రంగుతో తానే నిచ్చెనెక్కి రాసింది. మరుసటి ఏడు ఫిబ్రవరిలో ఈ రోడ్డు మీదే ఒక కొట్టు అద్దం పగలగొట్టి జైలుకెళ్ళింది. హాలోవే జైల్లో అన్నం మానేస్తే నోరు బలవంతంగా తెరిచి రబ్బరు గొట్టం గొంతులోకి దించి పోసేవాళ్ళు. ఆమె నీళ్ళు మానేసింది. చివరికి నిద్రా మానేసి, సొమ్మసిల్లి పడేదాకా గదిలో నడుస్తూనే ఉంది. ఆ తర్వాత ప్రభుత్వం కొత్త చట్టం తెచ్చింది, జనం దానికి పెట్టిన పేరు పిల్లీ ఎలుకా చట్టం. చావుకి దగ్గరైతే వదిలిపెట్టడం, కోలుకోగానే మళ్ళీ పట్టుకోవడం. అట్లా ఎన్నిసార్లో. పట్టుకోవడానికి పోలీసులు వస్తే ఈ వీధుల ఆడవాళ్ళూ రేవు కూలీలూ అడ్డం పడేవాళ్ళు.

1914 జూన్‌లో అలాగే జైల్లో ఎండిపోయి బయటికొచ్చి, నేరుగా పార్లమెంటు గుమ్మం దగ్గరికి తీసుకెళ్ళమంది. ప్రధాని ఆస్క్విత్ తూర్పు లండన్ ఆడవాళ్ళతో మాట్లాడేదాకా అక్కడే పడుకుని చస్తానంది. ఆయన ఒప్పుకున్నాడు. జూన్ 20న ఆరుగురు ఆడవాళ్ళు వెళ్ళారు. సిల్వియా వెళ్ళలేదు. నాకు ఆమె జీవితమంతటిలో అన్నిటికన్నా గొప్పగా తోచేది ఈ వెళ్ళకపోవడమే. ప్రాణం పెట్టి తలుపు తెరిపించి, తను పక్కకి తప్పుకుంది. బ్రష్షులు చేసే ఆవిడ మిసెస్ సవోయ్ తను చేసిన బ్రష్షు చేత్తో పట్టుకెళ్ళి, దీనికి నాకు దక్కే కూలి ఇంత అని ప్రధాని ముందు పెట్టింది.

రోమన్ రోడ్డు సంతలో పిల్లల బట్టలు, పళ్ళు, కర్టెన్ గుడ్డలు. మనవడికి రెండు జతల మేజోళ్ళు కొన్నాను. 1914 మార్చి 8న మొదలైన ఆమె పత్రికని, వుమన్స్ డ్రెడ్‌నాట్‌ని, ఈ సంతలోనే అరపెన్నీకి అమ్మేవాళ్ళు. మొదటి సంచిక వెలువడిన రోజునే ఆమెను అరెస్టు చేశారు. పక్క సందు నార్మన్ గ్రోవ్‌లో 45 నంబరు ఇల్లు. మొదటి ప్రపంచ యుద్ధం వచ్చి జర్మనీ బొమ్మలు ఆగిపోతే, పని పోయిన ఆడవాళ్ళతో అక్కడ బొమ్మల ఫ్యాక్టరీ పెట్టించింది. గంటకి అయిదు పెన్నీలు తక్కువ కాకుండా కూలి.

అక్కణ్ణుంచి ఓల్డ్ ఫోర్డ్ రోడ్. 400 నంబరు ఇల్లు ఇప్పుడు లేదు. దాన్ని ఆనుకుని ఉండిన లార్డ్ మార్పెత్ అనే పబ్బు ఉంది, దాని పక్కగోడ మీద సిల్వియా బొమ్మ వేశారు. యుద్ధం మొదలైన నెలలోనే ధరలు పెరిగిపోయి, సిపాయిల భార్యలకి రావాల్సిన డబ్బు రాక, పిల్లలు మలమల మాడుతుంటే ఆ ఇంట్లో భోజనశాల తెరిచారు. పెద్దలకి రెండు పెన్నీలు, పిల్లలకి ఒకటి. ధర్మసత్రం అనిపించుకోవడం ఆమెకి ఇష్టం లేదు, అందుకే దానికి "ఖర్చు ధర భోజనశాల" అన్న పేరు. తల్లీ అక్కా యుద్ధానికి జనాన్ని కూడగడుతుంటే ఈమె ఇక్కడ గంజి కాయించింది.

ఇంకొంచెం ముందుకి, 438 నంబరులో, గన్‌మేకర్స్ ఆర్మ్స్ అని ఒక మూతపడిన పబ్బు ఉండేది. తుపాకులు చేసేవాళ్ళ పేరు. దాన్ని తీసుకుని మదర్స్ ఆర్మ్స్ అని పేరు మార్చింది. అమ్మ చేతులు. లోపల పసిబిడ్డల్ని చూసుకునే ఇల్లు, డాక్టరు, పాలు, గుడ్లు, తర్వాత మాంటిస్సోరి బడి. తాగుడు కొట్టులో ఉయ్యాలలు! ఇది చదివిన రోజు నేను పుస్తకం మూసేసి కాసేపు ఊరుకుండిపోయాను. ఇప్పుడు ఆ రోడ్డు మీద నిలబడ్డాను. పొద్దున్నే మా అమ్మాయి, మళ్ళీ ఉద్యోగంలో చేరితే బిడ్డని నర్సరీలో పెట్టడానికి జీతంలో ఎంత పోతుందో కాగితం మీద లెక్క వేస్తూ కూర్చుంది.

1918లో ముప్ఫై ఏళ్ళు దాటి, ఆస్తి షరతుకి లోబడిన ఆడవాళ్ళకి ఓటొచ్చింది. ఆ షరతు పూర్తిగా పోయి ఇరవై ఒకటో ఏటికే మగవాళ్ళతో సమానంగా రావడానికి 1928 దాకా పట్టింది. సిల్వియా అప్పటికే ఆ గీత దాటి పోయింది. రష్యా వెళ్ళింది, పత్రికలో రాతలకి ఆర్నెల్లు జైలు పడింది, కమ్యూనిస్టు పార్టీ కూడా 1921లో వెళ్ళగొట్టింది. చెప్పింది వినే రకం కాదు.

విక్టోరియా పార్కు గేటు దగ్గర బల్ల మీద కూర్చుని ఊళ్ళో మా అక్కకి ఫోన్ చేశాను, పెద్దమ్మ కూతురు. సారా రోజుల్లో కారం పొట్లం కొంగుకి కట్టుకుని కొట్టు ముందు కూర్చున్న మనిషి. వీడియోలో గోడ మీద బొమ్మ చూపించి, కథంతా చెప్పాను. జైల్లో తిండి మానేసిందని చెప్పగానే ఆపింది.

"అట్ట ఎండిపొయ్యి బయటికొస్తే ఎవురు వండి పెట్టారు పాపా ఆమెకి? వాళ్ళమ్మా?"

"లేదక్కా. ఈ పక్కనే ఫోర్డ్ రోడ్డులో జోళ్ళు కుట్టుకుని బతికే ఆలుమగలు. వాళ్ళింట్లోనే పెట్టుకుని చూసుకున్నారు. ప్రధానమంత్రి దగ్గరికి పొయ్యిన ఆరుగురిలో ఆ ఇంటావిడ కూడా ఉంది."

"ఆమె పేరేంది?"

"జెస్సీ. జెస్సీ పేన్."

అక్క ఆ పేరు నోట్లో ఒకసారి తిప్పుకుంది.

"జెస్సమ్మా?" అంది. "ఆమె బొమ్మ యాడన్నా ఉంటే అది గూడా చూపియ్యి."

ఫోన్ చేత్తో పట్టుకుని మళ్ళీ రోడ్డు దాటాను, ఫోర్డ్ రోడ్డు ఎటో అడగడానికి.