పద్మాక్షి గుట్ట నుంచి బొమ్మలమ్మ గుట్ట దాకా

హనుమకొండలో జైనం జాడ చూడాలంటే మ్యూజియం దాకా పోనక్కర్లేదు. మోకాళ్లు సహకరిస్తే చాలు, గుట్టలే చూపిస్తాయి. పద్మాక్షి గుట్ట, అగ్గలయ్య గుట్ట ఊళ్లోనే ఉన్నాయి. మూడోది బొమ్మలమ్మ గుట్ట, కరీంనగర్ దాటాక కురిక్యాల దగ్గర. ఈ మూడూ ఒక్క ఊపున తిరగాలని ఎన్నాళ్ల నుంచో కోరిక. నన్ను లాగింది శిల్పాల కంటే అనేకాంతవాదం. ఏ వస్తువుకైనా, చివరికి ‘నేను’ అనుకునే ఆత్మకైనా ఎన్నో ముఖాలుంటాయని, ఒక్క వైపు నుంచి చెప్పింది ఎప్పుడూ సగం మాటేనని వాదించిన జైనులు మన దగ్గర ఏ రాళ్ల మధ్య బతికారో చూద్దామని బయల్దేరాను. తోడు మా బావ. పుట్టి పెరిగింది హనుమకొండలోనే. తత్వం అంటే ఆవలిస్తాడు గానీ గుట్ట అంటే చెప్పులేసుకుని ముందు నిలబడతాడు.

పద్మాక్షి గుట్ట కింద చెరువు దగ్గర బతుకమ్మ పండుగకి ఇసుకేస్తే రాలనంత జనం ఉంటారు. మేం వెళ్లింది మామూలు రోజు. పైకెక్కితే గుడి ముందు నాలుగు పలకల నల్లరాతి స్తంభం, అన్నకొండ స్తంభం అంటారు. ఇక్కడి 1117 నాటి శాసనం ప్రకారం కాకతి ప్రోలరాజు మంత్రి బేతన భార్య మైలమ ఈ గుట్ట మీద కడలాలయ బసది కట్టించింది. బసది అంటే జైనుల గుడి. ఒక పలక ముందు నిలబడితే అవతలి పలక కనిపించదు, చుట్టూ తిరగాల్సిందే. “ఇదేనా నీ అనేకాంతం?” అన్నాడు బావ. వెటకారమే గానీ మరీ తప్పు కాదు.

లోపల రాతిలో చెక్కిన తీర్థంకరుడు, అంటే జైనులు కొలిచే గురువు. ఆయనకు అటూ ఇటూ యక్షుడు, యక్షిణి. వీళ్లను పార్శ్వనాథుడు, ధరణేంద్రుడు, పద్మావతి అంటారు చరిత్ర తెలిసినవాళ్లు. పసుపు కుంకుమలు, పూలు మాత్రం ఆ యక్షిణికే, ఇప్పుడు ఆమే పద్మాక్షి అమ్మవారు. కొబ్బరికాయ చేత్తో పట్టుకుని వచ్చిన ఒక పెద్దమ్మను అడిగాను, పక్కనున్నాయన ఎవరని. “ఎవ్వరో దేవుడే బిడ్డా. మా అమ్మ పక్కన ఉన్నడంటే మంచోడే అయ్యుంటడు” అంది. ఒకప్పుడు ఆయన స్వామి, ఈమె పరివార దేవత. ఇప్పుడు గుడి ఈమెది, ఆయన ‘పక్కనున్నాయన’. రాయి అదే.

మెట్ల మీద కూర్చున్నాక ఈ అనేకాంతం అసలు సంగతేంటని బావ అడిగాడు. చెప్పాను. ఆత్మ ఎన్నటికీ మారదంటారు వేదాంతులు. నిలిచి ఉండేదంటూ ఏదీ లేదు, క్షణానికొకటి పుట్టి పోతుందంటారు బౌద్ధులు. జైనులు ఇద్దరినీ కూర్చోబెట్టి, మీరన్నది నిజమే, ఏ లెక్కన నిజమో చెప్పడం మరిచారు అంటారు. ద్రవ్యంగా, అంటే మూల వస్తువుగా చూస్తే జీవుడు నిత్యం. పర్యాయాలుగా, అంటే మారే అవస్థలుగా చూస్తే అనిత్యం. సమంతభద్రుడనే జైన ఆచార్యుడు దీనికి బంగారు కుండ ఉదాహరణ ఇచ్చాడు. కుండను కరిగించి కిరీటం చేస్తే కుండ కావాలన్నవాడు ఏడుస్తాడు, కిరీటం కావాలన్నవాడు సంబరపడతాడు, బంగారం చాలన్నవాడికి ఏమీ అనిపించదు. ముగ్గురి స్పందనకూ వస్తువులోనే కారణం ఉంది.

“అంటే అందరిదీ కరెక్టే. కొట్లాట ఎందుకని సర్దిచెప్పుడు, గంతే గదా?”

ఇక్కడే నాకు చిర్రెత్తుతుంది. గుడ్డివాళ్లు, ఏనుగు కథ ఒకటి చెప్పేసి చేతులు దులుపుకునే వ్యాసాలు చదివి చదివి అందరూ ఇదే అనుకుంటున్నారు. జైనులు పెట్టిన షరతులు చూస్తే తెలుస్తుంది అది ఎంత కఠినమో. ఏ మాటైనా ఏ ద్రవ్యం, ఏ చోటు, ఏ కాలం, ఏ స్థితి అని చెప్పి అనాలి. బావ ఉన్నాడు: ఈ మనిషిగా, ఈ మెట్ల మీద, ఈ పూట, ఈ చెమటతో. బావ లేడు: ఇంకో మనిషిగా, కరీంనగర్‌లో, నిన్న. ఉన్నాడనీ లేడనీ వరుసగా చెప్పొచ్చు. రెండూ ఒక్కసారే చెప్పబోతే మాటకు అందదు. వీటిని కలుపుకుంటూ పోతే ఏడు రకాల వాక్యాలొస్తాయి, అదే సప్తభంగి. షరతు ఎగ్గొట్టి నేను చూసిందే మొత్తం అంటే దాన్ని దుర్నయం అన్నారు. ఇక ఈ గుట్ట బియ్యం బస్తా అని ఏ షరతు మీదా అనలేం. కాబట్టి అందరిదీ కరెక్టు కాదు.

“ఇంట్ల మీ అక్క నన్ను అనేవన్నీ దుర్నయమే అన్నట్టు” అని లేచాడు.

అగ్గలయ్య గుట్ట దగ్గర ఎక్కువసేపు ఆగలేదు. సుమారు 30 అడుగుల శాంతినాథుడి విగ్రహం కింద నిలబడితే మెడ నొప్పి పుట్టింది. గుట్టకు పేరిచ్చిన అగ్గలయ్య జైన వైద్యుడు. మందూ శస్త్రచికిత్సా రెండూ తెలిసినవాడని ఒక శాసనం పొగిడింది.

మర్నాడు కరీంనగర్ వెళ్లి జగిత్యాల దారి పట్టాం. జైన కవి సోమదేవసూరి 959లో తన పెద్ద చంపూకావ్యం (వచనం, పద్యం కలిసిన కావ్యం) ముగించిన గంగాధర ఇక్కడిదేనని పండితుల మాట. కురిక్యాల దగ్గర బొమ్మలమ్మ గుట్ట మీద జైన యక్షిణి చక్రేశ్వరి, తీర్థంకరులు, దగ్గర్లో జినవల్లభుడి శాసనం. 945 ప్రాంతానిది. సంస్కృతం, కన్నడం, తెలుగు మూడూ ఉన్నాయి, తెలుగులో కంద పద్యాలు. రాయి మీద ఎండ నిలువుగా పడితే అక్షరాలు కనిపించవు. ఫోన్ టార్చ్ పక్క నుంచి వేస్తే గాడి గాడీ లేచి వచ్చింది. ‘జిన’ అన్న రెండక్షరాలు పట్టుకోగానే బావ కూడా వంగి చూడటం మొదలుపెట్టాడు.

జినవల్లభుడు కన్నడ ఆదికవి పంపడి తమ్ముడు. వేంగి వైపు బ్రాహ్మణ వంశం, తండ్రి కాలానికి జైనం పుచ్చుకున్నారు. ఆయన తెలుగువాడా, కన్నడిగుడా అని ఇప్పటికీ జనం గొంతులు చించుకుంటారు. ఏ లెక్కన అని ఎవరూ అడగరు. ఆయన మూడు భాషల్లో చెక్కించుకుని ఊరుకున్నాడు. నాకు ముచ్చటేసింది ఇంకో సంగతి. జినభవనాలు ఎత్తించడంలో, పూజల్లో, మునులకు అన్నం పెట్టడంలో జినవల్లభుడికి సాటి ఎవరని ఒక కందం అడుగుతుంది. గర్వాన్ని గెలవమన్న మతంలో ఉండి, గర్వాన్ని కొండ మీద చెక్కించాడు మహానుభావుడు! ఆ గర్వం పుణ్యమాని మనకు వెయ్యేళ్ల నాటి కందం దక్కింది.

దిగుతుంటే ఎటు నుంచో డ్రిల్లు చప్పుడు. కరీంనగర్ చుట్టుపక్కల గుట్టలు గ్రానైట్ పలకలై లారీలెక్కడం కొత్తేం కాదు. బావ ఆగి, “నీ కుండ లెక్క ప్రకారం రాయి కావాలన్నోనికి ఏం నష్టం లేదు” అన్నాడు. నిజమే, లేదు. కానీ కందం రాయిలో లేదు, రాతికి పట్టిన రూపంలో ఉంది. పలకలు కోస్తే గ్రానైట్ మిగులుతుంది, పద్యం పోతుంది. కుండ కావాలన్నవాడి ఏడుపును సమంతభద్రుడు భ్రమ అనలేదు, బంగారం ఉంది కదా ఊరుకోమనీ అనలేదు. అదే చెప్పాను.

“అట్లయితే ఆ ఏడ్చేటోళ్లను ఓ పది మందిని పట్టుకరా బామ్మర్దీ. క్వారీవాళ్లకు చూపిద్దాం” అన్నాడు బావ, రోడ్డు మీద బస్సుకు చెయ్యెత్తుతూ.