సుద్దముక్కలా విరిగేవి, నారలా చీలేవి

మొన్న ఆగస్టులో రెండు వానలు పడ్డాక, గుంటూరు బ్రాడీపేటలో మా అమ్మవాళ్ల అపార్ట్‌మెంట్ ముందు గడ్డిలో పుట్టగొడుగులు లేచాయి. అరచేయంత గొడుగులు, తెల్లగా, నెత్తిన గోధుమరంగు పొలుసులతో. కింద ఆడుకుంటున్న మా పాప ఒకటి పెకలించి, అంచు గిల్లి నాలుక కొసన పెట్టుకుంది. బాల్కనీలోంచి చూసిన అమ్మ "అయ్యో, అది కుక్కగొడుగే తల్లీ!" అని అరుస్తూ మెట్లు దిగింది. నేను వెళ్లేసరికి ఇద్దరూ కుళాయి దగ్గరున్నారు. అమ్మ పుక్కిలింపిస్తోంది. పాప ఏడుస్తూనే వాదిస్తోంది: "మింగలేదు అమ్మమ్మా, ఉమ్మేశాను. అమ్మే చెప్పింది అలా చూడమని."

నిజమే, నేనే నేర్పాను. మేముండేది మ్యూనిక్ దగ్గర. వేసవి చివర్లో అక్కడ పిల్లాజెల్లాతో బుట్టలు పట్టుకుని అడవికి పోతారు. పక్కింటి పెద్దావిడ మాకు మొదట చూపించినవి రుస్సులా జాతివి. జర్మన్‌లో టాయ్‌బ్లింగ్ అంటారు. ఎరుపు, ఊదా, పసుపు, ఆకుపచ్చ, ఎన్ని రంగులో! కానీ రంగుని నమ్మకూడదు, వానకి వెలిసిపోతుంది. కాడ పట్టుకుని వంచితే సుద్దముక్కలా టప్పుమని విరగాలి, నార తేలకూడదు. దాని కండలో గుండ్రటి కణాలు గుంపులుగా ఉంటాయి, ఆ పెళుసుదనం వాటివల్లే. గొడుగు కింది రేకుల మీద వేలు రాస్తే బాదం పలుకుల్లా చిట్లి రాలతాయి. ఒక్క రకానికి మాత్రం వెన్న రాసినట్టు వంగుతాయి. విరిచినచోట పాలు కారకూడదు. కారితే అది వీటి దాయాది. కాడకు ఉంగరం, అడుగున సంచి ఉండకూడదు. ఇవన్నీ సరిపోయాక, అప్పుడు మాత్రమే, చిన్న ముక్క నమిలి ఉమ్మెయ్యాలి. మంట పుడితే వదిలెయ్యాలి, కమ్మగా ఉంటే బాగా ఉడికించి తినొచ్చు. అక్కడివాళ్ల కొండగుర్తు అది.

అడుగున సంచి సంగతి పాపకు పదేపదే చెప్పాను. ఆకుపచ్చ టాయ్‌బ్లింగ్ దొరికే అడవిలోనే, దాన్ని పోలిన డెత్ క్యాప్ అనే విషపు గొడుగు కూడా మొలుస్తుంది. దాని విషం వండినా పోదు. తిన్న ఆరేడు గంటల దాకా, ఒక్కోసారి ఇంకా ఆలస్యంగా గానీ వాంతులు మొదలవ్వవు. ఆ తర్వాత కాలేయం పాడవుతుంది. కాడ మధ్యకి కోస్తే సంచి మట్టిలోనే ఉండిపోతుంది కాబట్టి మొత్తం పెకలించే చూడాలి.

ఇంత చెప్పినదాన్ని, ఆ గుర్తు ఆ నేలదే అని మాత్రం చెప్పలేదు. జపాన్, చైనా వైపు రుస్సులాల్లోనే ప్రాణం తీసే రకం ఒకటుంది, కండరాలను దెబ్బతీస్తుంది. అక్కడ నాలుక పరీక్షని నమ్ముకోకూడదు. గుంటూరులోనైతే ఆ ప్రశ్నే రాదు. రుస్సులాలు ఓక్, బీచ్, స్ప్రూస్ లాంటి చెట్ల వేళ్లతో పొత్తు పెట్టుకుని బతుకుతాయి. మన దేశంలో ఒడిశా, ఛత్తీస్‌గఢ్ వైపు సాల వృక్షాల కింద వస్తాయి, జనం వండుకుంటారు కూడా. వేప, చింత వేళ్లతో వాటికి పొత్తు కుదరదు. పాప పెకలించినదానికి ఉంగరం ఉంది. సాయంత్రానికి దాని రేకులు ఆకుపచ్చగా మారాయి. పచ్చికలో మొలిచే విషపు రకమే అది, వాంతులు, విరేచనాలు పట్టుకుంటాయి. దేవుడి దయవల్ల పాపకేం కాలేదు గానీ ఆ రాత్రి టెన్షన్‌తో నాకు కంటిమీద కునుకు లేదు. మన భాష, మన తిండి అక్కడికి ఎలా మోసుకుపోవాలా అని ఇన్నేళ్లూ ఆలోచించాను. అక్కడి ధైర్యాన్ని పాప ఇక్కడికి మోసుకొస్తుందని ఒక్కసారీ తట్టలేదు.

అమ్మ నన్నేమీ అనలేదు. ఆ ఆదివారం మమ్మల్ని ఫిరంగిపురం దగ్గర పిన్నివాళ్ల ఊరు తీసుకెళ్లింది. చేలో పనికొచ్చే ఆవిడ గట్టు పక్క పుట్ట దగ్గర కూర్చుని, పుట్టకొక్కు చుట్టూ మట్టిని చేత్తో తోడుతూ పోయింది. జానెడు లోతు తవ్వినా కాడ అయిపోలేదు, సన్నబడుతూ పుట్టలోకే దిగింది. లోపల చెదపురుగులు బూజు తోట పెంచుకుంటాయనీ, ఇది ఆ తోటలోంచే పైకొస్తుందనీ నేను చెప్పాను. "ఉరుములకి లేస్తాయమ్మా, ఏటా ఈ చోటే" అంది ఆవిడ. పాప కాడని వంచి చూసింది. విరగలేదు. గోగునారలా పోగులు పోగులుగా చీలింది. ఈసారి నాలుక మీద పెట్టలేదు, అమ్మమ్మ ముఖంలోకి చూసింది.

మధ్యాహ్నం ఉల్లిపాయ, పచ్చిమిరపకాయలు వేసి అమ్మ కూర చేసింది. పాప రెండోసారి అడిగి వేయించుకుంది.

సెప్టెంబరు చివర్లో మ్యూనిక్ దగ్గర అడవికెళ్లాం. స్ప్రూస్ చెట్ల కింద ఊదారంగు టాయ్‌బ్లింగ్ దొరికింది. పాప దాన్ని మొదలంటా తీసి, అడుగు తుడిచి నాకు చూపించింది, తర్వాత అమ్మమ్మకి ఫోన్ చేయమంది. వీడియోలో అమ్మకి ఏం కనిపించిందో గానీ, పాప ఫోన్ దగ్గరగా పెట్టి కాడ విరిచింది.

"వినపడిందా అమ్మమ్మా?"

"వినపడింది తల్లీ. ఇంకోటి విరువు."