గట్టు తగాదాలో ఎస్సై చేయగలిగింది ఎంత?

కోవూరు దగ్గర మా మేనమామకు పక్క చేనువాళ్లతో గట్టు గొడవ. ఎడగారు (రెండో పంట) దుక్కులప్పుడు వాళ్లు ట్రాక్టర్‌తో గట్టు దాటి నాలుగు సాళ్లు లోపలికి దున్నేసి, సర్వే రాయి పీకి కాలవలో పడేశారు. మామ నేరుగా స్టేషన్‌కు పోయాడు. అక్కడ ఇద్దర్నీ కూర్చోబెట్టి, అరిచి, చివరికి తెల్లకాగితం మీద రాజీ రాసి సంతకం పెట్టమన్నారంట. నాకు ఫోన్ చేస్తే పెట్టొద్దు మామా అన్నా.

ఎందుకంటే ఆ చేను ఎవరిదో తేల్చే అధికారం ఎస్సైకే కాదు, ఎస్పీకి కూడా లేదు. హద్దు కొలిచేది సర్వేయర్, హక్కు తేల్చేది సివిల్ కోర్టు. స్టేషన్‌లో రాసిన కాగితంతో భూమి ఎవరి పేరుకీ మారదు, కానీ రేపు కోర్టులో అవతలివాళ్లు "ఈయనే ఒప్పుకున్నాడు" అని దాన్నే చూపిస్తారు. ఖాకీ బట్టలు చూసి భయపడి చేసిన సంతకమని నిరూపించుకోవడం మన నెత్తిన పడుతుంది.

అలాగని ఏది చెప్పినా "సివిల్ మేటర్, కోర్టుకు పో" అని తిప్పి పంపడమూ కుదరదు. ఇది నాకు ఇంకా మంట. కొట్టినా, దొంగ రిజిస్ట్రేషన్ చేయించినా, మనల్ని బెదిరించాలనే చేలోకి జొరబడినా అవి నేరాలు, పక్కన సివిల్ కేసు నడుస్తున్నా సరే. ప్రభుత్వం పాతిన హద్దురాయి పీకడమూ నేరమే. అర్జీలో "నా భూమి ఆక్రమించారు" అని మాత్రమే రాస్తే సివిల్ కింద పక్కన పెడతారు. ఫలానా రోజు ఎవరొచ్చారు, ఏం పీకారు, ఏమన్నారు, చూసిందెవరు, ఇవి రాయాలి.

కొట్టుకునేదాకా వస్తే బైండోవర్ (గొడవ పడబోమని పూచీకత్తు రాయించుకోవడం) ఎలాగూ ఉంది. గొడవ ముదిరేలా ఉంటే పోలీసుల రిపోర్టు మీద బీఎన్ఎస్ఎస్ (కొత్త క్రిమినల్ ప్రొసీజర్ చట్టం) 164వ సెక్షన్ కింద (పాత సీఆర్‌పీసీలో 145) తహశీల్దారు, ఎగ్జిక్యూటివ్ మేజిస్ట్రేట్ హోదాలో, ఇద్దరికీ నోటీసులిచ్చి చేను ఎవరి స్వాధీనంలో ఉందో చూస్తాడు. హక్కు జోలికి ఆయనా పోడు. అంతకు ముందు రెండు నెలల్లో బలవంతంగా గెంటేసి ఉంటే, గెంటించుకున్నవాడే స్వాధీనంలో ఉన్నట్టు లెక్క వేయొచ్చు. అందుకే రేపు చూద్దాం మాపు చూద్దాం అంటే నష్టం.

కోర్టుకు పోతే ముందు ఇంజంక్షన్ (అవతలివాళ్లు చేలోకి రాకుండా ఆపే ఆర్డర్) అడగాలి. ఆ ఆర్డర్‌నీ లెక్కచేయకపోతే పోలీసు బందోబస్తు ఇప్పించమని మళ్లీ కోర్టునే అడగొచ్చు. అప్పుడు పోలీసులు వచ్చి తీరాలి, ఎందుకంటే అప్పుడు వాళ్లు అమలు చేసేది కోర్టు మాట. చేనే పోయిందనుకోండి, 1963 నాటి స్పెసిఫిక్ రిలీఫ్ చట్టం 6వ సెక్షన్ కింద హక్కు సంగతి పక్కనపెట్టి స్వాధీనం తిరిగి ఇప్పించమని దావా వేయొచ్చు, కాకపోతే ఆరు నెలల్లోపు వేయాలి.

మామ సర్వేకు అర్జీ పెట్టాడు. లాయర్ దగ్గరికి పోదాం రా అంటే మాత్రం, ఎడగారు కోతలు కానీరా అంటున్నాడు.